పోలండు యంత్రం, మన జమ్మి ఆకు

బొగ్గు కంపెనీలో పనిచేసి రిటైరయ్యాను గానీ, ఉద్యోగంలో ఉన్నన్నాళ్ళూ ఒక్కసారి కూడా బాయి దిగలేదు. బొగ్గు గనిని మా గోదావరిఖనిలో బాయి అంటాం. ఆడవాళ్ళను కిందికి పంపడానికి అప్పట్లో చట్టం ఒప్పుకునేది కాదు. మా నాయిన దిగాడు, తమ్ముడు దిగాడు. నేను మాత్రం పైన కూర్చుని, కింద జరిగే పని గురించి పరదేశాల వాళ్ళతో మాట్లాడుతూ వచ్చాను. చూడని ఊరికి దారి చెప్పడం లాంటిదే. అయినా తప్పుదారి పట్టించలేదనే నమ్ముతున్నాను.

మొన్న కంపెనీలో కొత్తగా చేరిన ఒకమ్మాయి ఇంటికొచ్చింది. విదేశీ ఒప్పందాలు చూసే విభాగంలో వేశారట. "మేడం, గీ పని ఏందో ఎవ్వలనడిగినా సక్కగ చెప్తలేరు. ఫారినోళ్లను ఏర్‌పోర్టుకాడ దించుకునుడు, మల్ల ఎక్కిచ్చుడు, గంతే అంటున్నరు," అంది.

నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. ఆ అమ్మాయిని కూర్చోబెట్టి, టీ పెట్టి, చెప్పడం మొదలుపెట్టాను. అదే ఇక్కడ రాస్తున్నాను. ప్రమోషన్ల సంగతి, ఫైళ్ళ సంగతి వదిలేస్తాను. అవి ఏ ఆఫీసులోనైనా ఒకటే.

నా పని ఇది. మన దగ్గర లేని యంత్రం ఇంకో దేశం దగ్గర ఉంటుంది. ఢిల్లీలో రెండు ప్రభుత్వాలు చేతులు కలిపి ఫొటో దిగుతాయి. తర్వాత ఆ యంత్రం ఓడ దిగి, రైలెక్కి, రామగుండం చేరుతుంది. దాని వెంట కొందరు ఇంజినీర్లు వస్తారు. మన ఎండకు కందిపోతారు, మన పచ్చిపులుసుకు కళ్ళనీళ్ళు పెట్టుకుంటారు. ఫొటోలో కలిసిన చేతులు నిజంగా కలవాల్సింది ఇక్కడ, బాయి దగ్గర. అవి కలిసేదాకా మధ్యలో నిలబడేదాన్ని నేను.

దుకాణం బంద్ అయిన భాష

నేను హైదరాబాదులో రష్యన్ చదివాను. అప్పట్లో ఉక్కు, బొగ్గు, కరెంటు, ఎక్కడ చూసినా సోవియట్ ఇంజినీర్లే. ఆ భాష వస్తే అన్నానికి లోటుండదని ఎవరో చెబితే నాయిన నమ్మాడు. నిజంగానే కంపెనీలో దుబాసీ ఉద్యోగం దొరికింది. కొన్నేళ్ళు రాణిలా బతికాను. ఆ తర్వాత ఒకరోజు పొద్దున రేడియో పెడితే, ఆ దేశమే లేదన్నారు!

ఆఫీసులో నన్ను చూసి నవ్వనివాడు లేడు. "సరళమ్మా, నీ దుకాణం బంద్ అయిందట గదా," అని క్యాంటీన్ కుర్చీలు కూడా నవ్వాయి. నవ్వనిది ఒక్క రామచంద్రం సారే. పెద్దపల్లి దగ్గర పల్లెలో పుట్టిన మైనింగ్ ఇంజినీరు. తర్వాత మా ఏరియాకే జనరల్ మేనేజరయ్యాడు. "గా భాషను పారెయ్యకు బిడ్డా. మూలకు వెట్టుకో, అక్కరకొస్తది," అన్నాడు. నన్ను విదేశీయుల పనుల్లోనే ఉంచి, ఇంగ్లీషుతో నెట్టుకురమ్మన్నాడు.

ఆయన గురించి చెప్పకుండా ఈ ఉద్యోగం గురించి చెప్పలేను. తెల్లతోలు కనబడితే చాలు, మనవాళ్ళు కొందరు నడుము వంచేస్తారు. ఇంకొందరు, మాకెవడు చెప్పేదని ఛాతీ విరుస్తారు. రెండూ దండగే. రామచంద్రం సార్ కలెక్టరుతో ఎలా మాట్లాడేవాడో, విదేశీ కంపెనీ పెద్దతో అలాగే మాట్లాడేవాడు, బాయి మీద బొగ్గు టబ్బులు తోసేవాడితోనూ అలాగే. విదేశీ బృందం వచ్చిందంటే మా వాళ్ళకు ఒకటే చెప్పేవాడు: "ఇంటికొచ్చినోనికి మనమే అన్నం పెట్టాలె. గాని వాని ఇస్తరాకు మనం ఎత్తొద్దు."

ఇంకో మాట కూడా అనేవాడు. "యంత్రం కొంటే యంత్రమే వస్తది. చెయ్యి గూడ రావాలె." చెయ్యి అంటే పనితనం. యంత్రాన్ని అమ్మేది ఒక్కసారి, దాని విడిభాగాలూ మరమ్మతులూ అమ్మేది ఏళ్ళ తరబడి. అందుకే ఏ దేశమైనా యంత్రాన్ని ఇస్తుంది గానీ కీలకం తన దగ్గరే పెట్టుకుంటుంది. ఇందులో వాళ్ళను తిట్టాల్సిందేమీ లేదు, అది వాళ్ళ బతుకుతెరువు. మనం ఇంకో దేశానికి పంపుసెట్లు అమ్మినా అదే చేస్తాం. అడగందే అమ్మయినా పెట్టదంటారు. అడగడం ఎలాగో తెలియాలి, అంతే.

పోలండువాళ్ళు

మా నాయిన పనిచేసిన బాయికి కష్టకాలం వచ్చింది. పాత పద్ధతిలో తవ్వితే గిట్టుబాటు కావడం లేదు. చివరి ప్రయత్నంగా పోలండు నుంచి లాంగ్‌వాల్ యంత్రం తెప్పించారు. లాంగ్‌వాల్ అంటే పొడుగాటి బొగ్గు గోడ. దాని పక్కన వరసగా ఇనుప సపోర్టులు, పంపుల ఒత్తిడితో, కప్పును ఎత్తిపట్టి నిలబడతాయి. ముందు కోత యంత్రం అటూ ఇటూ తిరుగుతూ గోడను చెక్కుతుంది. కోత ముందుకు సాగుతుంటే సపోర్టులు కూడా ముందుకు జరుగుతాయి. వెనకాల వదిలేసిన కప్పు దానంతటదే కూలిపోతుంది. ఆగకుండా సాగినంతకాలం క్షేమమే. ఆగితే కప్పు బరువంతా సపోర్టుల మీద కూర్చుంటుంది.

ఒప్పందంలో పరీక్ష ఉంది. నిర్ణయించిన గడువంతా, ఒక్క రోజు తప్పకుండా, యంత్రం బొగ్గు కొయ్యాలి. నెగ్గితే యంత్రం మనదవుతుంది. తప్పితే వాళ్ళు తీసుకుపోతారు, కంపెనీ బాయిని మూసేస్తుంది. జనాన్ని గోలేటి గనులకు కొందరిని, ఇంకెక్కడికో కొందరిని చెదరగొడతారు. మా తమ్ముడితో సహా ఆ బాయి మీద బతికే ప్రతి ఇంట్లో ఆ సంవత్సరం ఇదే మాట.

పోలండువాళ్ళను చూసుకోవడానికి నన్ను వేశారు. పోలండు రష్యా పక్కనే కదా, భాష ఒకటే అయి ఉంటుందని ఆఫీసువాళ్ళ లెక్క. వాళ్ళ పెద్ద పేరు మారెక్. యాభై దాటిన బక్కపలచని మనిషి, బట్టతల, చేతులు మాత్రం కమ్మరి చేతులు. నేను ఉత్సాహంగా రష్యన్‌లో స్వాగతం చెప్పాను. ఆయన మొహం గడ్డకట్టింది. "ఇంగ్లీషు, ప్లీజ్," అన్నాడు.

తర్వాత తెలిసింది. వాళ్ళ కాలంలో బడిలో రష్యన్ తప్పనిసరట. మింగుడు పడని మందులా నేర్చుకున్నారు. మాకు మేనమామలా యంత్రాలిచ్చిన రాజ్యం, వాళ్ళకు నెత్తిన కూర్చున్న మారుతండ్రి. ఒకే రాజ్యం ఒక ఇంటికి ఒకలా, పక్కింటికి ఇంకోలా కనబడుతుందని పుస్తకంలో చదివితే నాకు ఎక్కేది కాదు. మారెక్ మొహం చూశాక ఎక్కింది. ఆ తర్వాత ఆయన ముందు ఒక్క రష్యన్ మాట ఎత్తలేదు.

దసరా అడ్డం పడింది

ఓడ ఆలస్యమైంది, పరీక్ష వెనక్కి జరిగింది. క్యాలెండరు చూస్తే దసరా సరిగ్గా నడిమధ్యన పడింది.

దసరా అంటే మా బొగ్గుబాయిలకు మామూలు సెలవు కాదు. పనిముట్లకు బొట్టుపెట్టి పూజ చేస్తాం. పూజ అయ్యాక వాటిని ఆ రోజు ముట్టుకోం. నీళ్ళు తోడే పంపుల దగ్గరా, గాలి ఫ్యాను దగ్గరా ఉండేవాళ్ళు తప్ప ఎవ్వరూ పనిలో ఉండరు. సాయంత్రం జమ్మి ఆకు తెచ్చి, బంగారమని ఒకరి చేతిలో ఒకరు పెట్టి, కౌగిలించుకుని అలాయ్ బలాయ్ చేసుకుంటాం. ఏడాది పొడుగునా మాటల్లేనివాడికి కూడా ఆ రోజు జమ్మి పెట్టాల్సిందే.

యూనియన్ నాయకుడు కొమురయ్య గేటు మీటింగులో తేల్చేశాడు. "దసరా నాడు మనోళ్లు ఒక్కలు గూడ బొగ్గు కొయ్యరు. యంత్రం పోలండుదైనా సరే, చంద్రమండలందైనా సరే!" కొమురయ్య మామూలు నాయకుడు కాదు, బాయిలో సర్దారు కూడా. అంటే కింద మనుషుల ప్రాణాలకు పూచీ ఉండేవాడు. చట్టం ప్రకారం సర్దారు లేకుండా గోడ దగ్గర ఎవరూ పనిచెయ్యకూడదు.

మారెక్ బల్ల మీద చెయ్యి కొట్టాడు. ఒక్క రోజు ఆగితే పరీక్ష పోతుంది, అంతకంటే ముందు కప్పు కూర్చుంటుంది, మీకు యంత్రం కావాలా పండుగ కావాలా అన్నాడు. అంతకుముందు ఆయనా కొమురయ్యా రోజూ ఒకే బెంచీ మీద టీ తాగేవాళ్ళు. ఆ రోజు నుంచి ఎడమొహం పెడమొహం. ఢిల్లీ నుంచి వాళ్ళ రాయబార కార్యాలయం ఫోను. పైనుంచి మా పెద్దల ఫోను: ఎంతిచ్చైనా సరే, మనుషులను దింపమని. పండుగను కొనవచ్చని ఎవడనుకున్నాడో గానీ, వాడు ఈ నేల మీద పుట్టినవాడై ఉండడు.

రామచంద్రం సార్ ఎవరికీ జవాబివ్వలేదు. నన్ను వెంటబెట్టుకుని గెస్ట్‌హౌస్‌కు వెళ్ళాడు. పరీక్ష మాట ఎత్తలేదు. టీ తాగుతూ, "సరళమ్మా, వాళ్ల దేశంల బొగ్గుబాయిలు బంద్ ఉండే రోజు ఏదన్న ఉన్నదా, అడుగు," అన్నాడు.

అడిగాను. మారెక్ మొహంలో కోపం కొంచెం సడలింది. ఉందన్నాడు. చలికాలం మొదట్లో, గని పనివాళ్ళను కాపాడే బార్బరా అనే పుణ్యవతి పండుగ. తెల్లవారకముందే బ్యాండు మేళం వీధుల్లో తిరుగుతుంది. గని పనివాళ్ళు నల్లటి కోటు వేసుకుని, ఈకల కుచ్చున్న టోపీ పెట్టుకుని గుడికి పోతారు. తన టోపీ వాళ్ళ నాన్నదట, ఇక్కడికి కూడా తెచ్చుకున్నాడట. "ఆ రోజు మా ప్రధానమంత్రి వచ్చి బతిమాలినా మేం బొగ్గు కొయ్యం," అన్నాడు.

అన్నాక ఆగిపోయాడు. తన నోటి నుంచి వచ్చిన మాట తనకే వినబడినట్టుంది. సార్ స్థానంలో నేనుంటే, "చూశావా మరి!" అని ఎగిరిపడేదాన్ని. ఆయన మెల్లగా టీ పూర్తిచేశాడు. చివరికి మారెకే అన్నాడు, "మీ పండుగ నాకు అర్థమైంది. కానీ కప్పుకు పండుగ తెలియదు."

"నిజమే," అన్నాడు సార్. ఇంగ్లీషులో ఆయనన్న మాట అదొక్కటే.

యంత్రం ఎవ్వలది?

అక్కడి నుంచి నేరుగా కొమురయ్య క్వార్టర్‌కు వెళ్ళాం. సార్ మంచం మీద కూర్చుని అడిగాడు.

"కొమురన్నా, పూజ ఏ పనిముట్టుకు చేస్తవ్? నీదానికా, పక్కింటోనిదానికా?"

"నాదానికే చేస్త. పక్కింటోనిదానికి నేనెందుకు చేస్త సార్?"

"మరి పరీక్ష అయ్యేదాక యంత్రం మనది గాదు. ఒప్పందంల గట్లనే ఉన్నది. దసరా నాటికి అది వాళ్ల యంత్రం. మన పూజ దానికి లేదు. వాళ్ల యంత్రాన్ని వాళ్లు నడుపుకుంటరు. మనోళ్లు దాన్ని ముట్టరు. మనదైనంక మంచిగ కొబ్బరికాయ కొట్టి మన పూజ చేస్కుందాం."

కొమురయ్య నవ్వాడు. "మాటలు మస్తు చెప్తవ్ సార్. యంత్రం ఎవ్వలదైతేంది, బాయి మనది. సర్దారు లేకుంట వాళ్లు దిగద్దు గదా? గా సర్దారు ఎవడు?"

తలుపు దగ్గర నిలబడ్డ కొమురయ్య భార్య అంది, "పండుగ పూట బాయి దిగుతవయ్యా? లోకం ఏమంటది?"

కొమురయ్య తల గోక్కున్నాడు. "నా పోరగాళ్లను ఒక్కన్ని గూడ దించ సార్. పంపుకాడ, ఫ్యానుకాడ ఎప్పుడుండేటోళ్లు ఎట్లనో ఉంటరు. నేను దిగుత. బొగ్గు మాత్రం నేను కొయ్య. వాళ్ల పాణానికి కాపలా ఉంట, గంతే. పండుగ నాడైనా ఇంటికొచ్చినోని పాణం చూసుకునుడు తప్పు గాదు." ఆ మాటను రాత్రికే గేటు దగ్గర తనే అందరికీ చెప్పాడు. ఎవరూ నోరెత్తలేదు.

ఏ రాయబారికీ తట్టని దారి అది. ఒప్పందంలో ఒక వాక్యం, మన ఆచారంలో ఒక నియమం, రెండూ పక్కపక్కన పెట్టి చూసే కన్ను రామచంద్రం సార్‌కు ఉంది. అందుకే ఆయనంటే నాకు ఇప్పటికీ గౌరవం తగ్గలేదు.

ఆ రోజు

దసరా రోజు పోలండువాళ్ళు దిగారు, వాళ్ళతో కొమురయ్య. నేనూ సారూ బాయి మీద ఫోను దగ్గర కూర్చున్నాం. పక్కగదిలో కరెంటు చూసే ఎలక్ట్రీషియన్. కాలనీల్లో డప్పులు మోగుతున్నాయి. మధ్యాహ్నం దాకా అంతా సవ్యంగానే సాగింది.

ఉన్నట్టుండి ఫోను. మారెక్. వెనకాల ఏదో విరుగుతున్నట్టు చప్పుడు. ఇంగ్లీషులో ఏదో మొదలుపెట్టాడు, రెండు మాటలకే తడబడ్డాడు. మళ్ళీ అన్నాడు, మళ్ళీ అర్థం కాలేదు. అప్పుడు ఆ మనిషి, ఆ భాష వింటేనే మొహం తిప్పుకునే మనిషి, గుక్క తిప్పుకోకుండా రష్యన్‌లో అరిచాడు. కప్పు కూర్చుంటోంది, సపోర్టుల్లో ఒత్తిడి పడిపోతోంది, వాటి రెండో పంపుకు కరెంటు ఇవ్వండి, మొదటిది మాత్రం ఆపొద్దు!

"రెండో లైను ఇయ్యన్నా! మొదటిది ముట్టకు!" అని ఎలక్ట్రీషియన్‌కు కేకేశాను. నా గొంతు నాకే కొత్తగా ఉంది. స్విచ్చు పడింది. ఫోనులో ఆ విరిగే చప్పుడు కొంచెం కొంచెంగా తగ్గింది. తర్వాత మారెక్ రష్యన్‌లోనే, మెల్లగా, "నిలబడింది," అన్నాడు. ఆ వెనకే కొమురయ్య ఫోను లాక్కున్నాడు.

"సరళక్కా, ఫికర్ లేదని సార్‌కు చెప్పు. కోత మల్ల సురువైంది."

సార్ కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. "మూలకు వెట్టుకో అంటి గదనే," అన్నాడు. నేను ఏడ్చేశాను. సిగ్గెందుకు, ఏడ్చాను.

సాయంత్రం వాళ్ళు పైకొచ్చేసరికి బాయి మూతి దగ్గర జనం. కొత్తబట్టల్లో, చేతుల్లో జమ్మి ఆకులతో నిలబడ్డారు. ఎవరూ పిలవలేదు, వాళ్ళే వచ్చారు. కొమురయ్య మసి చేతులతోనే ఒకరి దగ్గర జమ్మి రెమ్మ తీసుకుని మారెక్ చేతిలో పెట్టాడు. "బంగారం," అన్నాడు. మారెక్ ఆకు వైపు చూశాడు, నా వైపు చూశాడు. పండుగ నాడు మేం దీన్ని బంగారంగా ఇచ్చుకుంటాం, తీసుకున్నాక పగ ఉండకూడదు అని చెప్పాను. ఆయన దాన్ని పారెయ్యకుండా జేబులో పెట్టుకున్నాడు. కొమురయ్య ఆయన్ని కౌగిట్లోకి లాక్కుని అలాయ్ బలాయ్ చేశాడు. బక్కమనిషి, మసిలో మునిగిపోయాడు.

చెయ్యి రావడం

పరీక్ష నెగ్గాం. యంత్రం మనదైంది. కొబ్బరికాయ కొట్టాం, బాయి మూసే మాట పోయింది. మా తమ్ముడు పిల్లల బడి మార్చాల్సిన పని లేకుండా పోయింది. ఇక్కడితో కథ అయిపోయిందనుకుంటే మీకు ఈ ఉద్యోగం ఇంకా తెలియనట్టే. యంత్రం వచ్చింది, చెయ్యి రాలేదు. నడిపే ప్యానెల్ దగ్గర ఇంకా పోలండువాళ్ళే కూర్చునేవాళ్ళు, మనవాళ్ళు వెనక నిలబడి చూసేవాళ్ళు. నేర్పడం గురించి ఒప్పందంలో ఉన్నవి రెండు ముక్కలు, అవి కూడా గాలిమాటలు.

దారి తెరిచింది కొమురయ్య. మారెక్ దగ్గరికి నన్ను తీసుకెళ్ళి అన్నాడు, "మా పండుగ నాడు నువ్వు దిగినవ్. మీ బార్బరమ్మ పండుగ నాడు నువ్వు దిగద్దు. మంచిగ టోపీ వెట్టుకుని కూసో. మేం దిగుతం."

నేను ఇంగ్లీషులో చెప్పాను. ఆ మాటకు అర్థం మారెక్‌కు తెలుసు. ఆ రోజు తమవాళ్ళు ఒక్కరూ లేకుండా మనవాళ్ళు నడపాలంటే, అప్పటికల్లా అంతా నేర్పేసి ఉండాలి. నేర్పితే తమ అవసరం తీరిపోతుంది. తన పైవాళ్ళను అడిగాడో లేదో నాకు తెలియదు. మర్నాటి నుంచి మాత్రం మన పిల్లలను ప్యానెల్ ముందు కూర్చోబెట్టి, తను వెనక నిలబడ్డాడు. తప్పు చేస్తే వాళ్ళ భాషలో తిట్టేవాడు. మనవాళ్ళు ఆ తిట్లు కూడా నేర్చుకున్నారు. ఆ తిట్లను నేను తర్జుమా చెయ్యలేదు.

పండుగ వచ్చింది. కొమురయ్య మనవాళ్ళను తీసుకుని దిగాడు. గెస్ట్‌హౌస్‌లో పోలండువాళ్ళ విందుకు అన్నీ సిద్ధం చేయించాను. మారెక్ కనబడలేదు. వెతుక్కుంటూ వెళితే బాయి మూతి దగ్గర ఉన్నాడు, నల్లకోటులో, వాళ్ళ నాన్న టోపీ పెట్టుకుని. ఆ ఈకల కుచ్చు మీద అప్పటికే బొగ్గుపొడి పడింది. విందుకు రమ్మంటే తల అడ్డంగా ఊపాడు. షిఫ్టు అయ్యేదాకా అక్కడి నుంచి కదల్లేదు.

షిఫ్టు అయింది. మనవాళ్ళు పైకొచ్చారు. ముందు కొమురయ్య, పళ్ళు తప్ప అంతా నలుపు. "ఒక్క నిమిషం గూడ ఆగలే!" అని అక్కడి నుంచే అరిచాడు. మారెక్ టోపీ తీసి దాని లోపలి అంచులోంచి ఏదో బయటికి లాగాడు. దసరా నాటి జమ్మి ఆకులు, ఎండిపోయి. సగం పొడైపోయాయి. ఉన్నంతలో ఏరి కొమురయ్య అరచేతిలో పెట్టాడు.

"బంగారం," అన్నాడు.

గేటు మీటింగుల్లో గంటలు గంటలు మాట్లాడే మనిషి ఆ ఆకులను పిడికిట్లో పెట్టుకుని అలాగే నిలబడిపోయాడు. తర్వాత ఇద్దరూ ఒకరి భుజం మీద ఒకరు చేతులేసుకుని టీ బెంచీ వైపు నడిచారు. నేను అలవాటుగా వాళ్ళిద్దరి వెనకాలే వెళ్ళి పక్కన నిలబడ్డాను. టీ తాగినంతసేపూ ఆయన పోలిష్‌లో, ఈయన తెలుగులో ఏదేదో చెప్పుకున్నారు. నన్ను ఒక్క మాట కూడా అడగలేదు.